ఒప్పందంలో పిల్లలు లేరు

ఆమని ఆటబడి నుంచి వస్తూనే, చెప్పులైనా విప్పకుండా వంటింట్లోకి వచ్చి గిన్నె మూత తీసింది.

"చేతులు కడుక్కోవే!" అంది సుచరిత.

"ఆకలమ్మా. పొట్టలో గోకుతోంది."

సుచరిత కూతురి టిఫిన్ డబ్బా తెరిచి చూసింది. పప్పన్నం, వడియాలు, అరటిపండు అన్నీ అయిపోయాయి. ఒక్క మెతుకు కూడా మిగల్లేదు. పన్నెండు గంటలకి అంత తిన్న అయిదేళ్ల పిల్ల, రెండున్నరకి మళ్లీ కంచం ముందు కూర్చుని పెద్దవాళ్లంత అన్నం తిని, పెరుగు కూడా వేయించుకుంది.

ఇది ఒక్కరోజు సంగతి కాదు. రెండు నెలలుగా వారానికి రెండుసార్లు గోళ్లు తీయాల్సి వస్తోంది. పొద్దున నూనె రాసి వేసిన జడ మధ్యాహ్నానికి నిన్నటి జడలా పొడిబారి ఉంటోంది. రాత్రి పదకొండైనా పిల్ల కళ్లు మూయదు. మూడో ఏటే మానేసిన పక్క తడపడం మళ్లీ మొదలైంది, అదీ ఆటబడిలో మాత్రమే. డాక్టరు నులిపురుగుల మందు రాశాడు. పక్కింటి పార్వతీశం గారి భార్య దిష్టి తీయమంది. సుచరిత రెండూ చేసింది. రెండింటివల్లా ఏమీ మారలేదు.

ఆమె ఫిజిక్స్‌లో డిగ్రీ చదివింది. పెళ్లయ్యాక ఆ చదువు పాలు పొంగకుండా చూడటానికీ, ఫ్యూజు వైరు మార్చడానికీ తప్ప పనికిరాలేదు. ఆ గురువారం తన పాత చేతిగడియారాన్ని ఆమని తలగడ గలీబులో పెట్టి, రెండు కుట్లు వేసి ఆటబడికి పంపింది.

సాయంత్రం కుట్లు విప్పి చూస్తే అది ఏడున్నర గంటలు ముందుంది. పాడైందనుకుని ఇంట్లో గోడగడియారం పక్కన రాత్రంతా ఉంచింది. పొద్దుటికి ఒక్క సెకను తేడా లేదు. శుక్రవారం మళ్లీ గలీబులో పెట్టింది. మళ్లీ ఏడున్నర గంటలు.

గడియారాన్ని అరచేతిలో పెట్టుకుని సుచరిత వంటింటి గట్టుకి ఆనుకుని నిలబడిపోయింది. పిల్లలు ఆటబడిలో పడుకునేది గంటన్నర. తన కూతురు ఆ గంటన్నరలో తొమ్మిది గంటలు నిద్రపోతోంది.

ఎక్కడో కూడా ఆమెకి వెంటనే తెలిసింది. పోయిన వేసవిలో ఆమని ఒళ్లంతా చెమటకాయలు లేస్తే, ఆటబడి ఆయా పైడితల్లిని బతిమాలింది తనే. "ఆ చివరి గోడ చల్లగా ఉంటుంది కదా పైడితల్లీ, మా పిల్లని రోజూ అక్కడే పడుకోబెట్టవూ?" ఆ చోటు కోసం పిల్లలందరూ పోట్లాడుకునేవారు. అయినా ఫణీంద్ర గారి అమ్మాయి కదా అని పైడితల్లి వంతు లేకుండా ఇచ్చేసింది. ఆ గోడ చల్లగా ఎందుకు ఉంటుందో సుచరిత ఒక్కసారీ అడగలేదు.

ఆ గోడకి అవతల కాలవేగ గది ఉంది.

*

సుచరిత భర్త ఫణీంద్ర ఆ గదికి అధికారి. అందులో పెట్టిన మందుసీసాకి మనకి ఒక నెల గడిచేలోగా అయిదేళ్లు గడుస్తాయి. పాముకాటు మందు ఫ్రిజ్ లేని ఊళ్లలో ఎన్నాళ్లు చెడకుండా ఉంటుందో ఇప్పుడు చూస్తున్నారు. ఇంకో నాలుగు వారాల్లో తేలుతుంది. విశాఖ దాటి, సముద్రం వైపు తిరిగే రోడ్డు మీద, సరుగుడు తోటల మధ్య ఉంది వాళ్ల ప్రయోగశాల. సిబ్బంది ఇళ్లూ, పిల్లల ఆటబడీ అన్నీ ఆ ఆవరణలోనే.

ఆదివారం పొద్దున ఫణీంద్ర కొలిచే పరికరం పట్టుకుని ఆటబడి గదిలో మోకాళ్ల మీద పాకాడు. గోడ మొదట్లో ఆరు రెట్లు చూపించింది. మూరన్నర ఇవతలికి జరిపితే ఏమీ లేదు. పైకి లేపేకొద్దీ తగ్గిపోయింది. అతని చొక్కా వీపంతా తడిసిపోయింది.

"నేల దగ్గర అతుకు విడిపోయింది" అన్నాడు. "కానీ పైన ఒప్పందం గడియారం ఉంది కదా! దానికి కొంచెమైనా తేడా రావాలి. రోజూ సున్నా అనే వస్తోంది నాకు."

ఒప్పందం అంటే కాల ఒప్పందం. ఒక దేశంలో ఖైదీలను ఇలాంటి గదుల్లో పెట్టి, పదేళ్ల శిక్షని ఏడాదిలో పూర్తిచేయించి, ముసలివాళ్లుగా ఇళ్లకి పంపారు. ఆ తర్వాతే నూట పన్నెండు దేశాలు కూర్చుని దాన్ని రాశాయి. ప్రతి కాలవేగ గదికీ పక్కగదిలో ఒక గడియారం ఉండాలి. దాన్ని ఎవరూ ముట్టుకోకూడదు. కాలం కారుతుంటే అది తప్పు చూపించి పట్టిస్తుంది.

అటెండరు సన్యాసిరావు అప్పుడే తాళాల గుత్తితో వచ్చాడు. పైడితల్లి భర్త. ముప్పయ్యేళ్ల సర్వీసులో ఒక్కరోజు కూడా ఆలస్యంగా రాలేదని పేరు.

"సన్యాసిరావుగారూ, ఈ గడియారం ఎప్పుడైనా తప్పు నడిచిందా?" అడిగింది సుచరిత.

"దాని మాటెత్తకండమ్మా. పరుగుల గడియారం అది. ముందర్లో రోజుకి నిమిషం. ఇప్పుడు పదకొండు నిమిషాలు ఎగస్ట్రాగా నడిసిపోతాది."

ఫణీంద్ర మెల్లగా లేచాడు. "మరి నాకెప్పుడూ కనిపించలేదే?"

"ఎలా కనిపిస్తాది బాబూ? రోజూ పొద్దున్న ఏడింటి రేడియో వార్తలకి నాను సరిసేసేత్తాను కదా. నాలుగేళ్ల బట్టి మానకుండా సేత్తన్నాను. తప్పు టైము సూపించే గడియారం ఆఫీసులో ఉంటే మన పరువేటవ్వాల?"

"ముట్టుకోవద్దని కింద రాసుంది కదయ్యా!"

సన్యాసిరావు స్టూలు జరుపుకుని ఎక్కి, గడియారం కింద ఉన్న రేకుని దగ్గరగా చూశాడు. అందులో ఆరు భాషల్లో ఒకే మాట రాసి ఉంది. ఒప్పందం అధికార భాషలు ఆరు. ఆ ఆరింటిలో తెలుగు లేదు.

"కంపినీ పేరనుకున్నాను బాబూ" అన్నాడు. స్టూలు దిగాక కూడా చెయ్యి దాని మీదే ఉంచాడు. "నానేటి తప్పు సేసినాను? సెప్పండమ్మా."



*

ఇంటికి నడుస్తుంటే ఫణీంద్ర అన్నాడు, "శుక్రవారం ఒప్పందం పరిశీలకులు వస్తున్నారు. ఆ రోజు దాటాక నేనే గది ఆపించి అతుకు వేయిస్తాను."

"అప్పటిదాకా?"

"ఆమనిని అక్కడ పడుకోబెట్టకు. అంతే."

"వాళ్లకి చెప్పేస్తే ఏమవుతుంది?"

అతను సరుగుడు చెట్ల దగ్గర ఆగి, చెప్పులో దూరిన ఇసుక దులుపుకున్నాడు.

"ఒంటి మీద ఒక రోజుకి మించి అదనపు కాలం పడితే ఆ మనిషిని పరిశీలన కేంద్రానికి తీసుకెళ్తారు. నీలగిరుల్లో ఉంది. ఆరు నెలలు. కాలం సోకనివాళ్లని లోపలికి రానివ్వరు. నెలకొకసారి అద్దం అవతల నుంచి చూడొచ్చు."

"అయిదేళ్ల పిల్లని ఒంటరిగానా?"

"ఒప్పందంలో అలాగే ఉంది సుచీ. ఆమనికి ఎంత పడిందో లెక్క వేశాను. నెల దాటింది."

సుచరిత ఇంకేమీ అనలేదు. తప్పు చేస్తున్నానని తెలిసే అనలేదు. నెల రోజులు. ఆమని పాలపన్ను ఊడింది పోయిన నెలలోనే. నవ్వుతూ చేతిలో పెట్టుకుని తెచ్చి చూపించింది. ఆ నెల రోజులూ కూతురు ఎదుగుతుంటే తను ఎక్కడుంది? ఇంట్లో బియ్యం ఏరుతూ ఉంది. ఇప్పుడు ఇంకో ఆరు నెలలు అద్దం అవతల నిలబడాలా?

సోమవారం పైడితల్లితో, "మా పిల్లకి జలుబు. గోడ దగ్గర వద్దు" అని మాత్రం చెప్పింది.

"అలాగేనమ్మా" అంది పైడితల్లి.

ఆ రోజు ఆమని డబ్బాలో సగం అన్నం మిగుల్చుకొచ్చింది. రాత్రి తొమ్మిదింటికే నిద్రపోయింది. సుచరిత పక్కనే కూర్చుని, పిల్ల ఊపిరి లెక్కపెడుతూ చాలాసేపు ఉంది. మంగళవారం, బుధవారం కూడా అంతే. ఇల్లు మామూలుగా ఉంది. అంత మామూలుగా ఉండటమే ఆమెకి భయం వేసింది. పచ్చిమిర్చి తరుగుతూ రెండుసార్లు వేలు కోసుకుంది.

గురువారం పిల్లలు లేచే వేళకి కాస్త ముందు, ఏ పనీ లేకుండానే ఆటబడికి వెళ్లింది. కిటికీలోంచి చూసింది. పిల్లలందరూ చాపల మీద నిద్రపోతున్నారు. చల్లటి గోడ పక్కన, ఆమని చోటులో, ఒక చిన్నపిల్ల ముడుచుకుని పడుకుని ఉంది. ఛాతీ కుక్కపిల్ల ఛాతీలా టపటపా కొట్టుకుంటోంది. ఒక్క నిమిషంలోనే ఇటు తిరిగింది, అటు తిరిగింది, మళ్లీ ఇటు తిరిగింది.

గంగ. పైడితల్లి మనవరాలు. తల్లీతండ్రీ చెన్నైలో కట్టుబడి పనుల్లో ఉంటే, నాలుగేళ్ల ఆ పిల్ల తాతామామ్మల దగ్గరే పెరుగుతోంది.

"సోమారం నుంచి దాన్నే పండబెడతన్నానమ్మా" అంది పైడితల్లి గుమ్మంలోకి వచ్చి, గొంతు తగ్గించి. "ఇన్నాళ్లకి దానికీ సల్లటి సోటు దొరికింది. మీ దయ."

సుచరిత లోపలికి ఉరికి గంగ కాళ్లు పట్టుకుని ఇవతలి చాప మీదికి లాగింది. పిల్ల ఏడుస్తూ లేచింది. "ఏటమ్మా, ఏటయింది?" అని పైడితల్లి అడుగుతూనే ఉంది. సుచరిత మనసులో నాలుగు మధ్యాహ్నాలని ఏడున్నరతో హెచ్చిస్తోంది. దాదాపు ముప్పై గంటలు. ఒక రోజు దాటిపోయింది.

*

శుక్రవారం పదకొండింటికి పరిశీలకురాలు వచ్చింది. పేరు రుక్సానా, ఊరు కదిరి. నలభై అయిదేళ్లుంటాయి. కళ్లజోడుకి గొలుసు, చేతిలో ఒప్పందం ప్రతి. ఎవరైనా మాట్లాడుతుంటే మధ్యలో తల ఊపదు. పూర్తిగా వింటుంది.

సుచరిత ఆటబడి గదిలోనే ఆమెకి ఎదురుపడింది. పక్కన ఫణీంద్ర ఉన్నాడు. రాత్రి ఇద్దరూ పోట్లాడుకోలేదు. గంగ సంగతి చెప్పాక, "నువ్వు చెప్తావా, నన్ను చెప్పమంటావా?" అని మాత్రం అడిగాడు.

సుచరితే చెప్పింది. తలగడలో పెట్టిన గడియారం, చెమటకాయలు, జలుబని ఆడిన అబద్ధం, అన్నీ. ఏదీ తగ్గించలేదు.

రుక్సానా గోడ దగ్గర తన పరికరం పెట్టి చూసుకుంది. తర్వాత సన్యాసిరావుని పిలిచింది. అతను చేతులు కట్టుకుని నిలబడ్డాడు.

"గడియారం ముట్టుకున్నది మీరేనా?"

"నానే అమ్మా. నాలుగేళ్లబట్టి."

"చదువుకోలేదా?"

"ఏడు సదివినాను. తెలుగులో."

రుక్సానా రేకు మీది ఆరు వరుసలూ చదివింది. కాగితం మీద ఏదో రాసింది. "దీంట్లో మీ తప్పు ఎంతో తర్వాత చూస్తారు. మీరు వెళ్లి కూర్చోండి పెద్దాయనా."

తర్వాత సుచరిత వైపు తిరిగింది. "సాయంత్రం అయిదింటిదాకా గది నడవనిచ్చి కొలతలు తీసుకోవాలి. అయిదింటికి ఆపి సీలు వేస్తాం. పిల్లలిద్దరినీ ఈ రోజే తీసుకెళ్లాలి."

"వాళ్లతో పెద్దవాళ్లు ఎవరొస్తారు?"

"ఎవరూ రారు."

"ఒకళ్లకి అయిదేళ్లు, ఒకళ్లకి నాలుగు. గంగకి రాత్రి మామ్మ చెయ్యి మీద లేకపోతే నిద్ర రాదు. మా అమ్మాయికి జడ విప్పడం కూడా రాదు."

"నాకు తెలుసమ్మా. ఈ ఒప్పందం నలభై పేజీలు. నాకు కంఠతా వచ్చు. ఇందులో కార్మికులున్నారు, ఖైదీలున్నారు, సైనికులున్నారు. పిల్ల అన్న మాట ఒక్కచోట కూడా లేదు. రాసినవాళ్లకి తట్టలేదు." ఆమె కళ్లజోడు తీసి పైటకొంగుతో తుడుచుకుంది. "నేను అడుగుతాను. పైకి రాస్తాను. బదులొచ్చేసరికి ఏడాది పడుతుంది."

పైడితల్లి గోడవారన కూలబడి, శబ్దం రాకుండా ఏడుస్తోంది.

సుచరిత గోడని చూసింది. "ఇప్పుడు ఎవరైనా పెద్దవాళ్లు అక్కడ పడుకుంటే?"

"సుచీ!" అన్నాడు ఫణీంద్ర.

రుక్సానా కళ్లజోడు మళ్లీ పెట్టుకుంది. "ఒక రోజు దాటితే వాళ్లనీ తీసుకెళ్తాం. ఎందుకు పడుకున్నారని అడగమని ఒప్పందంలో లేదు. ఎవరైనా కావాలని పడుకుంటారని కూడా రాసినవాళ్లకి తట్టలేదు." ఒప్పందం ప్రతిని చంకన పెట్టుకుంది. "ఒక రోజు అదనపు కాలానికి ఒక్క నిమిషం తగ్గినా మాత్రం నేను రాయను. రాయలేను."

"ఇప్పుడు టైమెంత?"

"పన్నెండూ పది."

"నాను పండుకుంటానమ్మా" అని లేవబోయింది పైడితల్లి. గోడ పట్టుకున్నా లేవలేకపోయింది. మోకాళ్లు అరిగిపోయి ఏడాదవుతోంది. నేల మీద కాళ్లు ముడిచి అయిదు నిమిషాలు కూడా ఉండలేదు.

ఫణీంద్ర అప్పటికే పరికరం తీసుకుని నేల మీద వంగాడు. పిల్లల పలక దగ్గర సుద్దముక్క తీసుకుని, గోడకి మూరన్నర దూరంలో గీత గీశాడు. గీత వంకరపోయింది. చెరిపి మళ్లీ గీశాడు.

"పిల్లలు చిన్నవాళ్లు కాబట్టి మొత్తం పట్టారు. నువ్వు ముడుచుకోవాలి. కాలు గానీ చెయ్యి గానీ గీత దాటిందంటే, అక్కడ రక్తం ఆరు రెట్లు నెమ్మదిగా నడుస్తుంది, నీ గుండెకి అందదు. నిద్రపోయినా దాటకూడదు. ఇరవై ఎనిమిది గంటల పైమాటే సుచీ, నీకు."

"నీళ్ల సీసాలు రెండివ్వు. ఆ డబ్బాలో ఇడ్లీలున్నాయి."

రుక్సానా ఏమీ వినిపించనట్టు కాగితాలు సర్దుకుంది. "నేను అవతలి గదిలో ఉంటాను" అంది.

పన్నెండుంబావుకి సుచరిత నేల మీద ఒరిగి, గోడకి వీపు ఆనించి, మోకాళ్లు గడ్డానికి తగిలేలా ముడుచుకుంది.

మొదట చెవుల్లో నొప్పి. తర్వాత గది మసకబారింది, సాయంత్రమైపోయినట్టు. ఫ్యాను రెక్కలు ఒక్కొక్కటీ విడిగా కనిపించసాగాయి. ఫణీంద్ర ఏదో అంటున్నాడు. మాట గేదె అరుపులా సాగి సాగి వచ్చింది. ఆమని గుమ్మంలోంచి తల్లి వైపు రావడానికి అడుగు వేసింది. ఆ అడుగు నేల మీద పడటానికి ఎంతసేపు పట్టిందో! తండ్రి చేతులు ఆ పిల్లని ఆపడానికి నీళ్లలో కదిలినట్టు కదిలాయి.

గంటలు గడిచాయి. ఆమె గంటలు. నడుము మొద్దుబారింది. ఒక ఇడ్లీలో సగం తిని, సగం దాచుకుంది. నిద్ర వస్తే భయం. అందుకని పైటని మోకాళ్ల చుట్టూ తిప్పి, తన చీలమండలకి బిగించి కట్టుకుంది. కట్టుకున్నా మధ్య మధ్య ఉలిక్కిపడి లేచి గీత చూసుకునేది. ఒకసారి కాలి బొటనవేలు గీత మీదే ఉంది. వెనక్కి లాక్కునేసరికి అది మంచుగడ్డలా ఉంది. ఎంతసేపటికో నొప్పి మొదలైంది. నొప్పి వచ్చినందుకు ఆమె ఏడ్చింది.

అవతల, ఆ మసక వెలుతురులో, పిల్లలిద్దరూ చాప మీద గవ్వలతో ఆడుకుంటున్నారు. గంగ గవ్వలు ఎగరేస్తే అవి పైకి లేచి, నిలబడి, నెమ్మదిగా దిగుతున్నాయి. ఆమని నవ్వడం మొదలుపెట్టింది. ఆ నవ్వు పెదవుల దగ్గర పుట్టి కళ్లదాకా చేరడాన్ని సుచరిత మొదటి నుంచి చివరిదాకా చూసింది.

*

అయిదింటికి రుక్సానా లోపలికి వచ్చింది. వెనకాల సీలు వేసేవాళ్లు ఇద్దరు. ఫణీంద్ర భార్యని చంకల కింద పట్టుకుని ఇవతలికి లాగాడు. ఆమెకి కాళ్లు చాపడం వెంటనే రాలేదు. కళ్లకింద నల్లగా, పెదవులు పగిలి ఉన్నాయి. ఆమని పరిగెత్తుకొచ్చి మెడ చుట్టూ చేతులు వేసి, "ఇంతసేపు ఏం చేశావమ్మా?" అంది.

రుక్సానా ఆమె మణికట్టు పట్టుకుని వాచీ చూసింది. గదిలో అయిదు. ఆ వాచీలో నాలుగూ నలభైయైదు, తేదీ మర్నాటిది.

"అదనంగా పడింది ఇరవైమూడు గంటల నలభైయైదు నిమిషాలు. ఒక రోజుకి పావుగంట తక్కువ" అంది.

 తను చెప్పిన ఇరవై ఎనిమిదిలోంచి గదిలో మామూలుగా గడిచిన నాలుగూ ముప్పావు గంటలు తీసేయలేదని ఫణీంద్రకి అప్పుడు తట్టింది. పైడితల్లి అర్థం కాక ఒక్కొక్కరి మొహమే చూస్తోంది. సీలు వేసే అతను, "మేడమ్, ఆపేయమంటారా?" అని స్విచ్చు గది వైపు అడుగు వేశాడు.

రుక్సానా కలం మూత తీసింది. మళ్లీ పెట్టింది. ఒప్పందం ప్రతి తెరిచి, వేలితో ఒక వరుస వెతికి, కావాల్సినదానికన్నా గట్టిగా చదివింది.

"ఆపే ముందు ఆఖరి కొలత రెండుసార్లు తీయాలి. నేను ఒకసారే తీశాను." అతని వైపు చూసి, "మీరిద్దరూ నాతో రండి. నాలుగు నిమిషాలు పడుతుంది" అంది.

ఆమె బయటికి వెళ్లేసరికే సుచరిత కూతురి చేతులు మెడ నుంచి విడిపించి తండ్రికి అందించింది. మోచేతుల మీద పాకుతూ గోడ చేరుకుని, సుద్దగీత లోపలికి ముందు ఒక పాదం, తర్వాత రెండో పాదం లాక్కుంది.